తెర మీద డోనోవన్, తెర పక్కన మావయ్య

2010 జనవరిలో నేను హ్యాట్‌ఫీల్డ్‌లో దిగేసరికి ఊరంతా మంచు. లండన్‌కి ఉత్తరంగా, కింగ్స్ క్రాస్‌లో రైలెక్కితే అరగంట కూడా పట్టని చిన్న ఊరు అది. యూనివర్సిటీ ఆఫ్ హెర్ట్‌ఫర్డ్‌షైర్ అక్కడే ఉంది కాబట్టి మనవాళ్ళలో చాలామందికి ఆ పేరు తెలుసు. మాస్టర్స్ కోసం వచ్చిన అయిదుగురం కలిసి ఒక ఇల్లు తీసుకున్నాం. మూడో రోజు పొద్దున్నే తలుపు తీస్తే గుమ్మం ముందు మంచు గడ్డకట్టి ఉంది, కాలు పెడితే జారిపోవడమే. మేం ఇంట్లో ఉన్న చీపురుతో తంటాలు పడుతుంటే పక్కింటి పెద్దాయన పార పట్టుకుని వచ్చాడు. పెద్దగా ఏమీ మాట్లాడకుండా రోడ్డు దాకా దారి చేసి, ఉప్పు చల్లి, పార మా గోడకి ఆనించి వెళ్ళిపోయాడు.

ఆ ఆదివారం పులిహోర చేసి డబ్బాలో పెట్టుకుని వాళ్ళింటికి వెళ్ళాను. అలా మొదలైంది మా పరిచయం. భార్య పోయి అప్పటికి రెండేళ్ళు. పిల్లలు దూరంగా ఉన్నారు. ఆయన పని చేసినంత కాలం ఆ ఊళ్ళోని విమానాల ఫ్యాక్టరీలోనే చేశాడు. అది తొంభైల్లో మూతపడింది. మా యూనివర్సిటీ డి హావిలాండ్ క్యాంపస్ కట్టింది ఆ పాత ఏరోడ్రోమ్ స్థలంలోనే. "నువ్వు పాఠాలు వింటున్న చోట మేం విమానాలు చేశాం" అని చెప్పి, ఎంత గర్వంగా చూశాడో నాకిప్పటికీ గుర్తు.

ఆయన ముందుగదిలో పాత టీవీ, దాని కింద వీడియో క్యాసెట్ల వరస ఉండేవి. ఒక్కో దాని మీద పెన్నుతో రాసిన అట్టముక్క. ఒకరోజు టీ తాగుతుంటే "మా ఊరి కుర్రాణ్ణి చూపిస్తా" అని ఒక క్యాసెట్ పెట్టాడు. బ్లాక్ అండ్ వైట్ బొమ్మ. డెనిమ్ టోపీ పెట్టుకున్న ఉంగరాల జుట్టు కుర్రాడు, మెడకి తగిలించుకున్న ఇనుప చట్రంలో మౌతార్గాన్, చేతిలో గిటార్. కళ్ళు పెద్దవి. గొంతు మాత్రం పక్కన కూర్చున్నవాళ్ళకి చెబుతున్నట్టు ఉంది. పేరు డోనోవన్.

నాకు అప్పటివరకు ఆ పేరు తెలియదు. గ్లాస్గోలోని మేరీహిల్‌లో 1946 మే 10న పుట్టాడు. పదేళ్ళ వయసప్పుడు వాళ్ళ కుటుంబం హ్యాట్‌ఫీల్డ్ వచ్చేసింది. కుర్రతనంలో పక్క ఊరు సెయింట్ ఆల్బన్స్‌లో పబ్బుల్లో తిరుగుతూ, జానపద పాటలు పాడేవాళ్ళ వేళ్ళని గమనిస్తూ గిటార్ నేర్చుకున్నాడు. పద్దెనిమిదేళ్ళకే, ఇంకా ఒక్క రికార్డు కూడా బయటికి రాకముందే, 1965 మొదట్లో ఐటీవీలో వచ్చే 'రెడీ స్టెడీ గో' అనే కార్యక్రమంలో వరసగా కొన్ని వారాలు కనిపించాడు. శుక్రవారం సాయంత్రం వచ్చేదది. పెద్దాయనదీ డోనోవన్ వయసే. ఫ్యాక్టరీ నుంచి సైకిల్ మీద ఇంటికొచ్చి, చేతులు కడుక్కోకుండానే టీవీ ముందు కూర్చునేవాణ్ణని చెప్పాడు. ఆ మార్చిలోనే 'క్యాచ్ ద విండ్' అన్న మొదటి పాట విడుదలై బ్రిటన్‌లో నాలుగో స్థానం దాకా వెళ్ళింది.

నేను కదలకుండా చూస్తున్నానని గమనించి పెద్దాయన ఇంకో మాట చెప్పాడు. "ఇతనికి చిన్నప్పుడే పోలియో వచ్చింది. నడకలో తేడా ఉండిపోయింది. చూడు, నీకేమైనా తెలుస్తోందా?"

తెలియలేదు. కెమెరా ఎప్పుడూ ముఖం మీదో, గిటార్ మీదో ఉంది.

ఆ మాటతో నాకు మా చిన్నమావయ్య గుర్తొచ్చాడు. అంత దూరంలో, మంచులో, ఎవరిదో ముందుగదిలో, ఒక్కసారిగా గొంతు పట్టుకుపోయింది.

మావయ్యకి రెండేళ్ళ వయసులో పోలియో వచ్చిందట. 1960 ప్రాంతం. అప్పటికే టీకా కనిపెట్టారు కానీ మా పల్లెల దాకా రాలేదు. డోనోవన్ విషయంలో అయితే అసలు కనిపెట్టనే లేదు, సాల్క్ టీకా వచ్చింది 1955లో. ఇటు రేపల్లె లంకల పక్కన ఒక పల్లె, అటు గ్లాస్గోలో కూలీనాలీ చేసుకునేవాళ్ళ పేట, రెండు చోట్లా పిల్లలు ఒక రాత్రి జ్వరంతో పడుకుని, లేచేసరికి కాలు పట్టు తప్పిపోయింది. మావయ్య కుడికాలు సన్నబడిపోయింది. నడిచేటప్పుడు చెయ్యి తొడ మీద పెట్టి, నొక్కి, అడుగు వేసేవాడు. ఆయన వస్తున్నాడంటే చూడక్కర్లేదు, చెప్పుల చప్పుడు ఒకటి పెద్దగా, ఒకటి చిన్నగా వినపడేది.

ఆయనకి దేవుడిచ్చిన గొంతు. తెనాలి చుట్టుపక్కల పద్యనాటకాలు ఆడని ఊరు ఉండేది కాదు. పండక్కి, తిరునాళ్ళకి తెల్లవార్లూ ఆడేవాళ్ళు. మావయ్య హార్మోనియం వాయించేవాడు. స్టేజీ పక్కన, తెర తాడు కట్టిన గుంజకి ఆనుకుని, ఒక చాప వేసుకుని కూర్చునేవాడు. నటుడికి శ్రుతి అందించడం, రాగం తీసేటప్పుడు వెనకే నడవడం, ఎవరైనా గొంతు అందక జారితే తన గొంతు కలిపి ఎత్తడం, ఇదీ ఆయన పని. జనం చప్పట్లు కొట్టి 'వన్స్ మోర్' అని అరిచిన పద్యాల్లో సగం ఆయన గొంతు ఉంది. నేను ఆ చాప మీద ఆయన తొడకి ఆనుకుని నిద్రపోయేవాణ్ణి. హార్మోనియం తిత్తి గాలి నా చెవికి తగిలేది. ఆయన్ని ఒక్కసారి కూడా వేషం కట్టి స్టేజీ మీద చూడలేదు. ఎందుకని అడిగితే "రాజు కుంటుతూ వస్తే బావుంటుందా రా అల్లుడూ?" అన్నాడు. మామూలుగానే అన్నాడు. మా అమ్మ మాత్రం పక్కకి తిరిగి పమిటతో కళ్ళు తుడుచుకుంది.

అందుకే నాకు డోనోవన్ పాట కన్నా ముందు అతని కాళ్ళు కావాలనిపించింది. ఆ ఏడాదంతా, అసైన్‌మెంట్ల మధ్య, గోడౌన్‌లో రాత్రి షిఫ్టుల మధ్య, అతను తెర మీద కనిపించిన ప్రతి చోటూ వెతికాను. కొన్ని పెద్దాయన దగ్గర దొరికాయి, కొన్ని యూట్యూబ్‌లో.

వెతకడం అంత తేలిక కాదు. ఆ కాలంలో టీవీ టేపులు ఖరీదైనవి, వాడినదాన్నే చెరిపి మళ్ళీ వాడేవాళ్ళు. రెడీ స్టెడీ గో ఎపిసోడ్లలో చాలా భాగం ఇప్పుడు లేవు. మిగిలినవాటి హక్కుల్ని డేవ్ క్లార్క్ అనే సంగీతకారుడు కొని ఎనభైల్లో క్యాసెట్లుగా తెచ్చాడు కాబట్టి ఆ కాస్తయినా మనకి దక్కింది. మా మావయ్య వాయించిన నాటకాల్లో ఒక్కటి కూడా రికార్డు కాలేదు. అప్పుడు టేప్ రికార్డర్ ఉన్న ఇల్లు మా ఊళ్ళో ఒక్కటే. వాళ్ళకి నాటకాలంటే ఇష్టం లేదు.

దొరికినవాటిలో ఒకటి 1965 ఏప్రిల్ 11న వెంబ్లీలో జరిగిన, ఎన్‌ఎంఈ అనే సంగీత పత్రిక వాళ్ళ కచేరీ. బీటిల్స్, రోలింగ్ స్టోన్స్, యానిమల్స్, కింక్స్, అందరూ ఉన్న రోజు. ఆడపిల్లల కేకలతో హాలు దద్దరిల్లుతుంటుంది. అన్ని డ్రమ్ములు, కరెంటు గిటార్ల మధ్య ఇతను ఒక్కడే చెక్క గిటార్‌తో నిలబడి పాడాడు. నిలబడ్డాడు, అంతే, నడవలేదు. అయినా నాకది చాలనిపించింది. అంత గోలలో గొంతు పెంచకుండా పాడటానికి ధైర్యం కావాలి.

ఇక అందరూ ఇతన్ని గుర్తుపెట్టుకున్నది ఒక హోటల్ గదిలో. 1965లో అమెరికన్ గాయకుడు బాబ్ డిలన్ ఇంగ్లండ్ వచ్చినప్పుడు పెన్నెబేకర్ అనే దర్శకుడు చేత్తో పట్టుకునే కెమెరాతో వెంట తిరిగి తీసిన డాక్యుమెంటరీ 'డోంట్ లుక్ బ్యాక్'. 1967లో విడుదలైంది. అందులో సినిమా మొదటినుంచీ డోనోవన్ పేరు వినపడుతూ ఉంటుంది. పేపర్లో అతని పేరు చూసి డిలన్ మనుషులు నవ్వుకుంటారు. చివరికి లండన్ సవాయ్ హోటల్‌లో ఇద్దరూ ఒకే గదిలో ఉంటారు. గది నిండా జనం, పొగ. డోనోవన్ గిటార్ తీసుకుని 'టు సింగ్ ఫర్ యూ' అనే తన పాట పాడతాడు. తర్వాత గిటార్ డిలన్ చేతికి వెళ్తుంది. అతను 'ఇట్స్ ఆల్ ఓవర్ నౌ, బేబీ బ్లూ' అందుకుంటాడు. అక్కడితో ఈ ఇంగ్లండ్ కుర్రాడి పని అయిపోయిందని, చిత్తుగా ఓడిపోయాడని యాభై ఏళ్ళుగా రాస్తూనే ఉన్నారు.

నేను ఆ సీన్ పెద్దాయనతో కలిసి చూశాను. అయిపోయాక ఆయన రిమోట్‌తో వెనక్కి తిప్పి మళ్ళీ చూపించాడు. "విను. ఆ పాట పాడమని అడిగింది ఎవరు?" విన్నాను. అడిగింది డోనోవనే. తను పాడిన వెంటనే, అవతలివాడి పాటల్లో తనకి ఇష్టమైనది ఏదో చెప్పి, అది పాడమని అడిగాడు. డిలన్‌కి అప్పటికి ఇరవై మూడేళ్ళు, ఇతనికి పందొమ్మిది అటూఇటూ. పోటీకి వచ్చినవాడు అలా అడుగుతాడా? తన పాట అవగానే ఎదుటివాడి గొప్ప పాట వినాలనుకునేవాణ్ణి ఓడిపోయినవాడని ఎలా అంటారు? మా నాటకాల్లో పెద్ద నటుడు పద్యం ఎత్తుకుంటే మావయ్య హార్మోనియం మెట్లమీద వేళ్ళు తేలిక చేసి, కళ్ళు మూసుకుని వినేవాడు. ఆ ముఖం నాకు తెలుసు. ఆ గదిలో నేను చూసింది ఆ ముఖాన్నే. దాని గురించి తప్పుగా రాసినవాళ్ళందరి మీదా నాకు ఇప్పటికీ కోపం ఉంది.

డోనోవన్ సినిమాల్లో, టీవీలో కనిపించినవన్నీ పక్కపక్కన పెట్టి ఏది మొదట చూడాలని నన్నడిగితే, తడుముకోకుండా 'రెయిన్‌బో క్వెస్ట్' అంటాను. అమెరికాలో జానపద గాయకుడు పీట్ సీగర్ నడిపిన టీవీ కార్యక్రమం. కమ్యూనిస్టు అనే ముద్ర వేసి పెద్ద ఛానళ్ళు సీగర్‌ని ఏళ్ళ తరబడి దూరం పెట్టాయి. ఆయన న్యూజెర్సీలో ఒక చిన్న ఛానల్‌లో, భార్య తోషీ సాయంతో, 1965, 66ల్లో ముప్ఫై తొమ్మిది ఎపిసోడ్లు తీశాడు. సెట్టింగ్ అంటూ ఏమీ లేదు. ఒక బల్ల, కుర్చీలు. ఎదురుగా ప్రేక్షకులు లేరు, చప్పట్లు లేవు. వంటింట్లో బల్ల చుట్టూ కూర్చుని చుట్టాలు మాట్లాడుకున్నట్టు ఉంటుంది.

ఆ బల్ల దగ్గరికి కుర్రాడు డోనోవన్ వచ్చి కూర్చున్నాడు. వెంట స్నేహితుడు షాన్ ఫిలిప్స్, అతని చేతిలో సితార్. అమెరికా దక్షిణాది నుంచి వచ్చిన రెవరెండ్ గేరీ డేవిస్ కూడా ఆ ఎపిసోడ్లోనే ఉన్నాడు. గేరీ డేవిస్‌కి చూపు లేదు. వీధుల్లో పాడి బతికిన మనిషి. రెండు వేళ్ళతో ఆయన గిటార్ మీటుతుంటే నలుగురు వాయిస్తున్నట్టు ఉంటుంది. చూపు లేని పెద్దాయన, కాలు సరిగ్గా లేని కుర్రాడు, ఛానళ్ళు వెలివేసిన సీగర్. ఒక్క బల్ల. రాత్రి రెండింటికి షిఫ్టు నుంచి వచ్చి, దుప్పటి కప్పుకుని, ల్యాప్‌టాప్‌లో చూశాను. మధ్యలో ఆపలేకపోయాను. సితార్ మీద ఆ అబ్బాయి చెయ్యి అంత తిరిగినది కాదు, మన చెవికి ఇట్టే తెలుస్తుంది. అయినా దాన్ని జాగ్రత్తగా, గౌరవంగా పట్టుకున్నాడు. నాకు ముద్దొచ్చింది.

అక్కడా అందరూ కూర్చునే ఉన్నారు. అప్పుడు అర్థమైంది, నేను వెతుకుతున్నది దొరకకపోవడానికి కారణం. పాడేవాణ్ణి చూపించేటప్పుడు కెమెరాకి నడకతో పని లేదు. కూర్చోబెడుతుంది, లేదా ఒక చోట నిలబెడుతుంది. మావయ్యకి ఆ రోజుల్లో ఒక కెమెరా ఎదురుపడి ఉంటే ఎలా ఉండేదో అనుకుని చాలాసేపు నిద్రపోలేదు.

1969లో వచ్చిన 'ఇఫ్ ఇట్స్ ట్యూస్‌డే, దిస్ మస్ట్ బీ బెల్జియం' అనే సినిమాలో కూడా అంతే. అమెరికన్ టూరిస్టుల గుంపు బస్సెక్కి పద్దెనిమిది రోజుల్లో తొమ్మిది దేశాలు చుట్టేసే కథ. అందులో కుర్రాళ్ళు దిగే ఒక హాస్టల్‌లో డోనోవన్ ఒక పాట పాడతాడు, 'లార్డ్ ఆఫ్ ద రీడీ రివర్'. హంస గురించిన పాట. కథకి దానితో సంబంధం లేదు. అంతవరకు పరిగెత్తిన సినిమా ఆ మూడు నాలుగు నిమిషాలు కూర్చుని ఊపిరి పీల్చుకున్నట్టు ఉంటుంది. మిగతా సినిమా నాకేమీ గుర్తులేదు. కెన్ లోచ్ మొదటి సినిమా 'పూర్ కౌ'లో అయితే మనిషి కనపడడు, గొంతే వినపడుతుంది. బీటిల్స్ 'ఎ డే ఇన్ ద లైఫ్' పాటకి ఆర్కెస్ట్రా రికార్డు చేసిన రాత్రి తీసిన ఫిల్ముంది, ఆ రాత్రి వచ్చిన అతిథుల్లో ఇతనూ ఉన్నాడు. 2000లో 'ఫ్యూచరామా' అనే కార్టూన్‌లో కూడా తన బొమ్మకి తనే గొంతిచ్చాడు. ఇవన్నీ ఒక్కో వారాంతంలో చూసేశాను.

నడక దొరికింది 'ద పైడ్ పైపర్'లో. 1972 సినిమా. తీసింది ఫ్రెంచి దర్శకుడు జాక్ డెమీ. సినిమా అంతా పాటలతోనే నడిపించి పేరు తెచ్చుకున్నాయన. జర్మనీలోని రోథెన్‌బర్గ్ అనే పాతకాలపు కోట ఊళ్ళో తీశారు. ఎలుకల్ని పిల్లనగ్రోవితో ఊరి బయటికి తీసుకుపోయి, ఇస్తామన్న డబ్బు ఇవ్వకపోతే ఊళ్ళో పిల్లలందరినీ వెంట తీసుకుపోయిన వేణుగానగాడి కథ మనందరం చిన్నప్పుడు చదివిందే. ఆ పైపర్ డోనోవన్. సంగీతమూ అతనిదే.

సినిమా గురించి నాకో ఫిర్యాదు ఉంది. పైపర్ పేరు పెట్టి, పైపర్‌ని చాలా తక్కువ చూపించారు. ఎక్కువ భాగం ఊరి పెద్దలు, చర్చి పెద్దలు, డబ్బు కోసం వాళ్ళు చేసే కుట్రలు. ప్లేగు అంటుకుంటున్న 1349 నాటి కథ. ఎలుకల్ని పట్టించుకోని ఊరిపెద్దల అసలు రంగు బాగా చూపించారు. పెళ్ళి విందులో చర్చి ఆకారంలో చేసిన కేకు బద్దలై లోపలినుంచి ఎలుకలు బయటికొచ్చే సీన్ చూసి మా రూమ్మేట్ అన్నం తినడం మానేసి లేచిపోయాడు. జాన్ హర్ట్, డొనాల్డ్ ప్లెజెన్స్ లాంటి నటులున్నారు. వాళ్ళ మధ్య డోనోవన్ నటిస్తున్నట్టు అనిపించడు. ఊళ్ళోకి ఎవరో పాడుకుంటూ వచ్చినట్టు ఉంటాడు, పాడుకుంటూ వెళ్ళిపోయినట్టు ఉంటాడు. అది లోపం అని కొందరు రాశారు. నాకు అదే నచ్చింది.

కానీ నన్ను పట్టుకున్నది వేరే. ఈ కథని ఇంగ్లీషులో అందరికీ తెలిసేలా పద్యంగా రాసిన రాబర్ట్ బ్రౌనింగ్, చివర్లో ఒక పిల్లవాణ్ణి మిగిలిస్తాడు. అందరు పిల్లలూ పైపర్ వెంట గెంతుతూ కొండలోకి వెళ్ళిపోతే, కాలు కుంటైన ఒక్క పిల్లవాడు అందుకోలేక వెనకబడతాడు. కొండ తలుపు మూసుకుపోతుంది. సినిమాలో ఆ కుంటి పిల్లవాడు గావిన్, జాక్ వైల్డ్ వేశాడు. వాడు చేతికర్రతో కదులుతుంటే, పైపర్‌గా ముందు నడుస్తున్నది పోలియో వచ్చిన మనిషి. ఆ సినిమా చూసిన ఎంతమందికి ఈ సంగతి తెలుసో! ఆగి, వెనక్కి తిప్పి, ఆ నడక మళ్ళీ మళ్ళీ చూశాను. రాళ్ళు పరిచిన వీధిలో నడుస్తాడు. నాకు తేడా ఏమీ కనపడలేదు.

పెద్దాయనకి చెబితే, తన భార్యకి ఆ సినిమా పాటలు ఇష్టమని చెప్పి, అలమారలోంచి ఆవిడ దాచుకున్న డోనోవన్ పాత రికార్డు ఒకటి తీసి చూపించాడు. ఆ రోజు ఇద్దరం ఎక్కువ మాట్లాడుకోలేదు. నేను 2011లో కోర్సు అయిపోయి వచ్చేస్తుంటే, సవాయ్ హోటల్ సీన్ ఉన్న ఆ డీవీడీ నా చేతిలో పెట్టాడు. మూడేళ్ళ తర్వాత వాళ్ళమ్మాయి మెయిల్ పెట్టింది, నాన్న పోయారని, నా నంబరు ఆయన డైరీలో ఉందని.

ఆ 2014లోనే మన దేశం పోలియో లేని దేశమైందని పేపర్లో వచ్చింది. మార్చి 27. పేపర్ పట్టుకుని మావయ్య దగ్గరికి వెళ్ళాను. ఆయన కళ్ళద్దాలు పెట్టుకుని మొత్తం చదివి, మడిచి, హార్మోనియం పెట్టె మీద పెట్టాడు. నాటకాలు తగ్గిపోయి అప్పటికి చాలా ఏళ్ళైంది. పెట్టె మీద తువ్వాలు కప్పి ఉండేది. పల్స్ పోలియో ఆదివారాల్లో ఊళ్ళో పిల్లల్ని బడి దగ్గరికి పోగేసి తెచ్చేది ఆయనే. ఎవరైనా తల్లి చుక్కలకి వెనకాడితే ఏమీ చెప్పేవాడు కాదు, పంచె కొంచెం పైకి తీసి కాలు చూపించేవాడు.

2018లో అమ్మ, మావయ్య హరిద్వార్, రిషికేశ్ చూడాలంటే నేను తీసుకెళ్ళాను. గంగలో స్నానాలయ్యాక, అమ్మ సత్రంలో పడుకుంది. "మావయ్యా, ఒకచోటికి వెళ్దాం వస్తావా?" అని అడిగాను. ఎక్కడికని అడగలేదు, చెప్పులేసుకున్నాడు.

1968 ఫిబ్రవరిలో బీటిల్స్ రిషికేశ్‌లోని మహర్షి మహేశ్ యోగి ఆశ్రమానికి వచ్చినప్పుడు డోనోవన్ కూడా వచ్చాడు. బీచ్ బాయ్స్ బ్యాండ్‌లోని మైక్ లవ్, నటి మియా ఫారో కూడా అప్పుడు అక్కడే ఉన్నారు. వేళ్ళతో ఒక్కో తీగనీ విడివిడిగా మీటే పద్ధతిని బీటిల్స్‌లోని జాన్ లెనన్ డోనోవన్ దగ్గరే అక్కడ నేర్చుకున్నాడు. 'డియర్ ప్రూడెన్స్', 'జూలియా' పాటల్లో మనకి వినపడేది ఆ మీటే. జార్జ్ హారిసన్ డోనోవన్‌కి ఒక తంబూరా ఇచ్చాడు. తిరిగి వెళ్ళాక వచ్చిన 'హర్డీ గర్డీ మ్యాన్' పాటలో ఆ నాదం ఉంది. ఆ రోజుల ఫొటోల్లో, ఫిల్ము తునకల్లో మెడలో దండలతో, తెల్లబట్టల్లో వీళ్ళందరూ నేల మీదే కూర్చుని ఉంటారు. ఎన్నో ఏళ్ళు అడవి కప్పేసిన ఆ ఆశ్రమాన్ని, చౌరాసీ కుటియాని, 2015 డిసెంబర్లో అటవీశాఖ జనానికి తెరిచింది.

గేటు దాటాక ఎత్తు ఎక్కాలి. మావయ్య చెయ్యి తొడ మీద పెట్టి, నొక్కి, మెల్లగా ఎక్కాడు. నేను పట్టుకోబోతే వద్దన్నాడు. గంగలోని గుండ్రాళ్ళతో కట్టిన గుమ్మటాల్లాంటి ధ్యానగుహలు దారి పక్కన కనిపిస్తుంటే "పిచ్చుక గూళ్ళలా ఉన్నాయిరా" అన్నాడు. ఒక దాని ముందు గట్టు మీద కూర్చున్నాం. అప్పుడు ఫోన్ తీసి రెయిన్‌బో క్వెస్ట్ పెట్టాను.

భాష తెలియదు, మనుషులు తెలియదు. కానీ గేరీ డేవిస్ మొదలుపెట్టగానే మావయ్య ఫోన్ నా చేతిలోంచి తీసుకున్నాడు. "ఈయనకి చూపు లేదు కదూ?" అన్నాడు. అవునన్నాను. "ఆ కుర్రాడు చూడు, ఆయన్నెలా వింటున్నాడో." అప్పుడు చెప్పాను, ఆ కుర్రాడికి కూడా నీలాగే పోలియో అని. మావయ్య ఏమీ అనలేదు. కాసేపటికి "నడిచే బొమ్మ ఏదైనా ఉందా?" అని అడిగాడు.

పైడ్ పైపర్‌లో ముక్క ఒకటి దాచుకున్నాను. పెట్టాను. కళ్ళకి దగ్గరగా పెట్టుకుని చూశాడు. అయిపోయింది. మళ్ళీ పెట్టమన్నాడు.

"అడుగు లెక్కపెట్టుకుని వేస్తున్నాడు" అన్నాడు. "పాట వరస మీద వేస్తున్నాడు, అందుకే మీకెవరికీ తెలియదు."

నాకు కనపడనిది ఆయనకి కనపడింది.

ఫోన్ నా చేతికిచ్చి, గుమ్మం దగ్గర వంగి, ఆ గుమ్మటం లోపలికి వెళ్ళాడు. లోపల చీకటి. గొంతు సవరించుకున్నాడు. ఆ చిన్న శబ్దానికే రాళ్ళన్నీ పలికాయి. తర్వాత హరిశ్చంద్ర నాటకంలో కాటిసీను పద్యం ఎత్తుకున్నాడు. హార్మోనియం లేదు, నటుడు లేడు, ఆయన ఒక్కడే. అరవై ఏళ్ళ గొంతు పైస్థాయిలో కొంచెం వణికింది. దారిన పోతున్న ఇద్దరు విదేశీ పిల్లలు వీపున సంచులతో అలాగే ఆగిపోయారు. నేను ఫోన్‌లో రికార్డింగ్ నొక్కి గుమ్మం పక్కన కూర్చున్నాను.

రెండో పాదం దగ్గర ఆగాడు. "శ్రుతి తగ్గింది, ఉండు" అని లోపలినుంచి అన్నాడు. మళ్ళీ మొదటినుంచి ఎత్తుకున్నాడు.